మాట ముందు, మోత వెనుక: సరౌండ్ సౌండు కథ

ప్రత్యేక సంచికకు ఏదైనా రాసి పంపమని సంపాదకులు కోరినప్పుడు, జగ్గయ్యపేట టెలిఫోను ఎక్స్ఛేంజిలో మెకానిక్‌గా పనిచేసిన రోజుల గురించి రాస్తాననుకున్నారు. నేను ఎంచుకున్న విషయం వేరు. టీవీ చుట్టూ నాలుగైదు స్పీకర్లు అమర్చి, ఇంట్లోనే సినిమా హాలు శబ్దం తెప్పించే సరౌండ్ డీకోడరు కిట్ల చరిత్ర అది. విశ్రాంత ఉద్యోగులకు దీనితో ఏం పని అని కొందరికి అనిపించవచ్చు. పని ఉంది. టీవీలో మాటలు సరిగా వినపడక, శబ్దం పెంచి, ఇంట్లోవాళ్ళచేత మాట పడే వయసు మనది. ఆ ఇబ్బందికి కొంత ఉపశమనం ఈ చరిత్రలోనే ఒకచోట ఉంది. అది నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. అందుకే రాస్తున్నాను.

మా చిన్నతనంలో శబ్దం అన్నది ఎప్పుడూ ఒకేచోటు నుంచి వచ్చేది. పెనుగంచిప్రోలు తిరుపతమ్మ తిరునాళ్ళలో చెట్టుకు కట్టిన మైకుసెట్టు కోను నుంచి వచ్చేది. టాకీసులో అయితే తెర వెనకనున్న పెట్టె నుంచి వచ్చేది. సినిమా హాలు తెరను దగ్గరకు పోయి చూస్తే సన్నని బెజ్జాలు కనిపిస్తాయి. శబ్దం వాటిగుండా బయటికి రావాలని అలా చేస్తారు. 1932లో వచ్చిన మన మొదటి టాకీ 'భక్త ప్రహ్లాద' మొదలుకొని ఎన్నో దశాబ్దాలు తెలుగువాళ్ళు విన్నది అలాంటి ఒంటి శబ్దమే. నటుడు తెరకు ఈ చివర ఉన్నా, ఆ చివర ఉన్నా గొంతు మాత్రం నడిమధ్య నుంచి వచ్చేది. మనమెవరమూ దాన్ని లోపంగా అనుకోలేదు.

అనుకున్నవాడు ఒకడు ఇంగ్లాండులో ఉన్నాడు. పేరు అలన్ బ్లుమ్‌లైన్. 1903లో పుట్టాడు. 1931లో భార్యతో కలిసి సినిమాకు వెళ్ళి, మనిషి తెరకు ఒక పక్కన ఉంటే గొంతు ఇంకో పక్క నుంచి వస్తోందని గమనించి, గొంతు మనిషి వెంట నడిచేలా చేసే ఉపాయం నా దగ్గర ఉందని ఆమెతో అన్నాడని చెబుతారు. ఆ సంవత్సరం డిసెంబరులోనే పేటెంటుకు దరఖాస్తు పెట్టాడు. నేడు మనం స్టీరియో అంటున్నదానికి పునాది అదే. ఆయన 1942లో, రెండో ప్రపంచయుద్ధంలో రాడార్ పరీక్ష చేస్తున్న విమానం కూలి, 38 ఏళ్ళకే మరణించాడు.

నాకు ఈ బ్లుమ్‌లైన్ మీద అభిమానం కలగడానికి మరో కారణం ఉంది. ఆయన ఉద్యోగం మొదలుపెట్టింది టెలిఫోను రంగంలో. ఒక లైనులో మాట్లాడుతుంటే పక్క లైను మాటలు వినపడడాన్ని మనం క్రాస్‌టాక్ అనేవాళ్ళం గదా, దాన్ని తగ్గించే పని మీద ఆయన తొలి రోజుల్లో కృషి చేశాడు. అంటే మన శాఖవాడే అన్నమాట.

పాత ట్రంకు లైన్లలో పనిచేసిన మిత్రులకు ఫాంటమ్ సర్క్యూట్ గుర్తుండే ఉంటుంది. హైదరాబాదు రోడ్డు వెంట స్తంభాల మీద తీగలు సాగే రోజుల్లో మాకు శిక్షణలో మొదట ఆశ్చర్యం కలిగించింది అదే. రెండు జతల తీగల మీద రెండు సంభాషణలు పోవడం మామూలు. కాయిల్స్ సరిగా కడితే అవే తీగల మీద మూడో సంభాషణ కూడా పోతుంది. మూడోదాని కరెంటు ఒక్కో జతలోని రెండు తీగల్లోనూ సమానంగా ఒకే వైపుకు నడుస్తుంది. మామూలు సంభాషణ కరెంటు ఒక తీగలో పోయి రెండో తీగలో తిరిగి వస్తుంది. కనుక చివరన తేడా తీస్తే ఒకటి, కూడితే మరొకటి దొరుకుతాయి. దానికంటూ వేరే తీగ లేకుండానే మాట నడుస్తుంది గనుక దయ్యం లైను అని నవ్వుకునేవాళ్ళం.

సరౌండ్ డీకోడరు చేసే పని కూడా ఇదే, కూడిక, తీసివేత. ఆఫీసు భాషలో చెబుతాను. ఇద్దరు గుమాస్తాలు రాసిన రెండు పద్దు పుస్తకాలు ఉన్నాయనుకోండి. ఒకదాంట్లోంచి మరొకటి తీసేస్తే, రెండింటిలోనూ ఒకేలా ఉన్న పద్దులు కొట్టుకుపోతాయి. ఒకదాంట్లో మాత్రమే ఉన్నవి మిగులుతాయి. స్టీరియోలో ఎడమ, కుడి అని రెండు పద్దులు. నటుడి మాట, గాయకుడి గొంతు రెండింటిలోనూ సమానంగా ఉంటాయి. కూడితే అవి బలపడతాయి, అది మధ్య స్పీకరుకు. తీసివేస్తే అవి పోయి, చుట్టూ ఉన్న వాన చప్పుడు, జనం గోల, వాయిద్యాల గుంజాటన మిగులుతాయి, అది వెనక స్పీకర్లకు.

ఇక మధ్య స్పీకరు సంగతి. ఇది కూడా టెలిఫోను వారి ఇంటి నుంచే వచ్చింది. 1933 ఏప్రిల్ 27న అమెరికాలో బెల్ లేబొరేటరీస్ వారు ఫిలడెల్ఫియాలో వాయిస్తున్న ఆర్కెస్ట్రాను టెలిఫోను లైన్ల మీద వాషింగ్టన్‌లోని హాలుకు పంపి, అక్కడి శ్రోతలకు వినిపించారు. మూడు మైకులు, మూడు లైన్లు, మూడు స్పీకర్లు: ఎడమ, మధ్య, కుడి. వెడల్పాటి వేదిక మీద రెండే స్పీకర్లు పెడితే మధ్యలో శబ్దానికి స్థిరత్వం ఉండదని, పక్కన కూర్చున్నవాడికి అంతా దగ్గరి స్పీకరు నుంచే వచ్చినట్లుంటుందని వారు గ్రహించారు. ఈ పనికి ముందుండి నడిపిన హార్వే ఫ్లెచర్, మనిషి వినికిడిని కొలిచే ఆడియోమీటరు రూపొందించినవారిలో ఒకడు కావడం గమనించదగ్గది. చెవి గురించి తెలిసినవాడు మధ్య స్పీకరు కావాలన్నాడు. ఈ వాక్యం గుర్తుపెట్టుకోవలసిందిగా పాఠకులను కోరుతున్నాను.

ఆ తరువాత సినిమా వాళ్ళు ఈ దారి పట్టారు. 1940లో డిస్నీ 'ఫాంటాసియా'కు ప్రత్యేక శబ్ద ఏర్పాటు చేశారు. 1953లో 'ది రోబ్'తో వచ్చిన సినిమాస్కోప్‌లో ఫిల్ము మీదే నాలుగు అయస్కాంత ట్రాకులు ఉండేవి. తెర వెనక మూడు, హాలులో ప్రేక్షకుల చుట్టూ ఒకటి. మన తెలుగులో 'అల్లూరి సీతారామరాజు' 1974లో తొలి సినిమాస్కోప్ చిత్రంగా వచ్చింది. 1986లో కృష్ణగారి 'సింహాసనం' తొలి 70 ఎం.ఎం. చిత్రంగా ఆరు ట్రాకుల శబ్దంతో వచ్చింది. ఇలాంటి ప్రింట్లకు ఖర్చెక్కువ, వేసే యంత్రాలూ వేరు. అందుకని చిన్న ఊళ్ళ హాళ్ళకు ఆ శబ్దం రావడం కష్టమయ్యేది.

ఖర్చు తగ్గించిన ఉపాయం రే డాల్బీ పేరుతో వచ్చింది. ఆయనకు మన దేశంతో సంబంధం ఉంది. ఇది చాలామందికి తెలియదు. 1963 నుంచి 1965 వరకు ఆయన యునెస్కో తరఫున సాంకేతిక సలహాదారుగా భారతదేశంలో, చండీగఢ్‌లోని కేంద్ర శాస్త్రీయ పరికరాల సంస్థలో పనిచేశాడు. ఇక్కడి సంగీతాన్ని టేపు మీద రికార్డు చేస్తూ, టేపు నుంచి వచ్చే 'స్‌స్‌' అనే రొదను ఎలా తగ్గించాలా అని ఆలోచించాడు. 1965లో లండన్ వెళ్ళి తన సంస్థ పెట్టాడు. 1970ల నడుమ ఆ సంస్థ డాల్బీ స్టీరియో తెచ్చింది. ఫిల్ము అంచున మామూలు రెండు శబ్ద గీతల్లోనే నాలుగు ఛానెళ్ళు ఇమిడ్చారు. మధ్య గొంతును రెండు గీతల్లోనూ సమానంగా, వెనక శబ్దాన్ని రెండింటిలో ఒకదానికొకటి ఎదురుగా రాశారు. హాలులోని డీకోడరు కూడిక, తీసివేతలతో వాటిని విడదీస్తుంది. 1977లో 'స్టార్ వార్స్' దానికి పేరు తెచ్చింది. 1982లో ఇళ్ళ కోసం డాల్బీ సరౌండ్, 1987లో మధ్య స్పీకరును కూడా చక్కగా నడిపే ప్రోలాజిక్ వచ్చాయి. 1992లో డాల్బీ డిజిటల్, 1993లో 'జురాసిక్ పార్క్'తో డి.టి.ఎస్. వచ్చాక ఒక్కో స్పీకరుకు విడివిడిగా శబ్దం రాయడం మొదలైంది. మన దేశంలో '1942: ఎ లవ్ స్టోరీ' 1994లో డాల్బీ శబ్దంతో విడుదలయింది.

ఇళ్ళలో కిట్ల చరిత్రకు ఆద్యుడు డేవిడ్ హాఫ్లర్ అనే అమెరికా ఇంజనీరు. 1970 ప్రాంతంలో ఆయన చూపిన పద్ధతికి ఐ.సి. కూడా అక్కరలేదు. ఆంప్లిఫయరు ఎడమ ప్లస్సుకు, కుడి ప్లస్సుకు మధ్య వెనక స్పీకరు కడితే చాలు. తేడా శబ్దం దానంతట అదే వస్తుంది. 1996లో ఒక ఆదివారం నేను మా కేసెట్టు ప్లేయరు ఆంప్లిఫయరుకు అలాగే కట్టి, కట్టిన స్పీకరు ఒక్కటే వినపడేలా మిగతావి తలుపు అవతల పెట్టాను. బాలుగారి పాట వేశాను. వాయిలిన్లు వస్తున్నాయి, కోరస్ వస్తోంది, బాలుగారు లేరు! మా ఆవిడ వంటింట్లోంచి వచ్చి, "ఏమండీ, పాట పాడాయన ఏడీ?" అంది. గొంతు రెండు పద్దుల్లోనూ సమానంగా ఉంది గనుక కొట్టుకుపోయిందని చెప్పాను. ఆ వెంటనే మోనోలో రికార్డు చేసిన ఘంటసాల మాస్టారి పాత పాట వేశాను. ఏమీ రాలేదు. టేపు రొద ఒక్కటే సన్నగా వినిపించింది. మోనోలో రెండు పద్దులూ ఒకటే గదా, తీసివేస్తే మిగిలేది సున్నా. రెండు ట్రాకుల్లో కలవనిది ఆ రొద ఒక్కటే. డాల్బీని చండీగఢ్‌లో విసిగించిన రొద అదే జాతిది.

ఇక్కడ ఒక హెచ్చరిక. కారు సెట్లలో, కొన్ని ఐ.సి. ఆంప్లిఫయర్లలో బ్రిడ్జి పద్ధతి ఉంటుంది. వాటికి హాఫ్లర్ పద్ధతిలో తీగలు కడితే ఐ.సి. కాలిపోయే ప్రమాదం ఉంది.

1999లో మా అబ్బాయి వీ.సీ.డీ. ప్లేయరు కొన్నాడు. అప్పటికి ఈ కిట్ల మోజు మా వైపు బాగా ఉంది. హైదరాబాదు కోఠీలోని గుజరాతీ గల్లీకి పోతే డీకోడరు బోర్డులు దొరికేవి. నేనూ ఒకటి తెచ్చాను. బోర్డు మీద నాలుగు 4558 ఐ.సి.లు, రెసిస్టర్లు, కెపాసిటర్లు, వాల్యూమ్ కంట్రోళ్ళు. దాని వెనుక టి.డి.ఎ.2030 ఐ.సి.లతో ఆంప్లిఫయర్లు, 12-0-12 వోల్టుల ట్రాన్స్‌ఫార్మరు, అల్యూమినియం హీట్ సింకులు. సోల్డరింగు మనకు కొత్త కాదు గనుక రెండు రాత్రుల్లో పూర్తి చేశాను. స్పీకర్లకు చెక్క పెట్టెలు వడ్రంగిచేత చేయించాను.

కట్టి, కేబుల్‌లో సినిమా పెట్టాను. వెనక స్పీకర్లు మూగగా ఉన్నాయి. బోర్డు చెడిందనుకుని, మళ్ళీ అన్ని జాయింట్లూ కాల్చాను. మల్టీమీటరుతో గంటసేపు కుస్తీ పట్టాను. చివరికి వెలిగింది. మాకు కేబుల్‌లో వచ్చేది మోనో. తేడా లేనప్పుడు వెనక మూగగా ఉండడమే సరైన పని. ఆనాడు కిట్ చెడిందని తిరిగి ఇచ్చేసినవాళ్ళలో ఎందరు ఇదే పొరపాటు చేశారో! వీ.సీ.డీ.లో స్టీరియో సినిమా వేయగానే వెనక గోడ నుంచి వాన కురిసింది. వీధిలో పిల్లలందరూ వచ్చి కూర్చున్నారు.

వెనక శబ్దాన్ని కొంచెం ఆలస్యం చేసే ఐ.సి. ఉన్న కిట్లు తరువాత చూశాను. డాల్బీ సరౌండ్‌లో ఈ ఆలస్యం సెకనులో వెయ్యోవంతుల లెక్కన 15 నుంచి 30 వరకు ఉంటుంది. కారణం ఇది. ఒకే శబ్దం రెండు చోట్ల నుంచి వస్తే, ముందుగా చెవిని చేరినచోటు నుంచే వచ్చినట్లు మనసు నిర్ణయించుకుంటుంది. దీన్ని హెల్ముట్ హాస్ 1949లో వివరించాడు. వెయ్యోవంతు సెకనులో శబ్దం సుమారు 34 సెంటీమీటర్లు నడుస్తుంది. 20 వంతుల ఆలస్యం అంటే వెనక స్పీకరును సుమారు 7 మీటర్లు దూరం జరిపినట్లు. మన చిన్న గదిని పెద్ద హాలుగా భ్రమింపజేసే కిటుకు అదే. ఇక 2000 తరువాత అగ్గువకు వచ్చిన కొన్ని పెట్టెల మీద 5.1 అని ఉన్నా, లోపల చేసేది రెండు ఛానెళ్ళను ఆరుగా పంచడమే. డిస్కులోని అసలైన డిజిటల్ శబ్దాన్ని విప్పాలంటే దానికి తగిన చిప్పు వేరే ఉండాలి.

ఇంకొక సంగతి ప్రాణానికి సంబంధించినది. పాత పిక్చర్ ట్యూబు టీవీలు చాలావాటిలో లోపలి చాసిస్‌కు నేరుగా కరెంటు తగులుతుంది. ఆడియో అవుట్ సాకెట్ లేని అలాంటి టీవీ విప్పి, లోపలి స్పీకరు నుంచి తీగలు లాగి కిట్‌కు కలిపితే, కిట్ పెట్టెకు కూడా 230 వోల్టులు రావచ్చు. నేను ఒకసారి అలా కలపబోయి, అలవాటుగా టెస్టరు పెట్టి చూస్తే వెలిగింది. అక్కడితో ఆపేశాను. ఇప్పటికీ పాత టీవీ ఉంచుకున్నవారు అలా విప్పే పని మనవలచేత చేయించవద్దు.

ఇప్పుడు నా తప్పు చెబుతాను. ఆ కిట్ బోర్డు మీద 'సెంటర్' అని రాసిన రెండు పిన్నులు ఉన్నాయి. వాటిని ఖాళీగా వదిలేశాను. ముందు ఎడమ, కుడి ఉన్నాయి గదా, మధ్యలో మరొకటి దండగ అనుకున్నాను. డబ్బంతా వెనక స్పీకర్ల మీద, బూమ్ బూమ్ అనే పెద్ద పెట్టె మీద పెట్టాను. చూడవచ్చిన వాళ్ళు మెచ్చుకున్నదీ ఆ మోతనే.

నేను రిటైరైన కొన్నేళ్ళకు మా ఆవిడ టీవీ ముందు కూర్చోవడం తగ్గించింది. అడిగితే, "సినిమాలు బాగుండడం లేదండీ" అనేది. పప్పు అంటే తప్పా అనేది, కప్పు అంటే పప్పు తెచ్చేది. ధ్యాస లేదని విసుక్కున్నాను. ఒకటి రెండుసార్లు కాదు, రెండేళ్ళు విసుక్కున్నాను. ఒకనాడు మెల్లగా అంది: "ఇన్ని డబ్బాలు పెట్టారుగానీ, ఆయనేమంటున్నాడో నాకు ఒక్క ముక్క వినపడట్లేదండీ. మీతో అంటే చెవిటిదంటారని అనలేదు."

నలభై ఏళ్ళు జనం మాట జనానికి వినపడేలా చేయడమే ఉద్యోగంగా బతికినవాణ్ణి. ఇంట్లో మనిషికి మాట వినపడడం లేదని కనిపెట్టలేకపోయాను. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

వయసుతోపాటు ముందుగా పోయేది సన్నని, హెచ్చు స్థాయి శబ్దాల వినికిడి. అచ్చులు దిట్టంగా వినపడతాయి. క, ప, త, స వంటి హల్లుల తేడాలు చెదిరిపోతాయి. శబ్దం వినపడుతుంది, మాట అర్థం కాదు. దానికి తోడు మా ఆవిడ కూర్చునే మంచం ఎడమ స్పీకరు పక్కన ఉంది. మధ్య స్పీకరు లేనప్పుడు రెండు స్పీకర్లు కలిసి మధ్యలో ఒక గొంతును భ్రమింపజేస్తాయి. దాన్ని ఇంజనీర్లు 'ఫాంటమ్ సెంటర్' అంటారు, మళ్ళీ మన దయ్యం లైనే! అది నడిమధ్య కూర్చున్నవాడికే కుదురుతుంది. అక్కడ కూడా రెండు స్పీకర్ల శబ్దం ఒక్కో చెవికీ కొంచెం ముందూ వెనకగా చేరడం వల్ల 2000 హెర్ట్జ్ దగ్గర తరుగుదల వస్తుంది. హల్లుల స్పష్టతకు కావలసిన ప్రాంతాల్లో అది ఒకటి. నడిమధ్య కూర్చునేది నేను. పక్కన కూర్చునేది ఆవిడ.

మర్నాడు పాత పెట్టె దింపి, ఖాళీగా ఉన్న ఆ రెండు పిన్నులకు తీగలు సోల్డరు చేశాను. కొన్న పదహారేళ్ళకు! ఒక చిన్న స్పీకరు టీవీ కిందనే, కూర్చున్న మనిషి చెవి ఎత్తులో, మంచం వైపు తిప్పి పెట్టాను. వెనకవి ఆపేశాను, పక్కవి బాగా తగ్గించాను, పెద్ద పెట్టె తీసేశాను. పాత సినిమా వేశాను. ఆవిడ కాసేపు విని, "ఇప్పుడు ఆయన తెరలోంచి మాట్లాడుతున్నాడండీ" అంది. బ్లుమ్‌లైన్ తన భార్యకు ఇస్తానన్నది అదే గదా అనుకున్నాను.

అంతటితో సరిపోయిందని చెప్పను. కిట్ చెవిని బాగుచేయదు. తరువాత బెజవాడ తీసుకుపోయి పరీక్ష చేయిస్తే, రెండు చెవుల్లోనూ హెచ్చు స్థాయి వినికిడి తగ్గిందని తేలింది. మిషను పెట్టించాము. మొదట్లో గిన్నెల చప్పుడు కూడా పెద్దగా ఉందని తీసేసేది. మెల్లగా అలవాటయింది. ఇప్పుడు రాత్రి భోజనాలయ్యాక ఇద్దరం కలిసి సినిమా చూస్తున్నాము. కథ మధ్యలో ఆవిడే నాకు చెబుతోంది, ఎవరేమన్నారో.

కనుక మిత్రులకు నా మనవి. ఇప్పుడు కిట్లు కట్టే ఓపిక ఎందరికుంది? 2012లో వచ్చిన డాల్బీ అట్మాస్ నెత్తిమీది నుంచి కూడా శబ్దం తెస్తోంది. పలుచని టీవీల స్పీకర్లు చాలావరకు కిందికో వెనక్కో తిరిగి ఉంటాయి, మన వైపు ఉండవు. అందుకే మాట నలిగిపోతుంది. పిల్లలు సౌండుబారో, హోం థియేటరో కొనిస్తామంటే, వెనక మోత ఎంత అని అడగవద్దు, మధ్య స్పీకరు ఉందా, దాన్ని విడిగా పెంచుకోవచ్చా అని అడగండి. 5.1 సినిమాల్లో మాటల్లో అధికభాగం ఆ మధ్య ఛానెల్‌లోనే ఉంటుంది. దాన్ని రెండు మెట్లు పెంచి, బాస్ తగ్గించండి. టీవీ సెట్టింగుల్లో మాటలను స్పష్టం చేసే ఏర్పాటు ఉంటే పెట్టించండి. శబ్దం మన ఎదురుగా, చెవి ఎత్తులో ఉండేలా చూసుకోండి. అప్పటికీ మాట అందకపోతే దాచుకోక చెవి పరీక్ష చేయించుకోండి.

ఇంట్లో మీ భాగస్వామి టీవీ దగ్గర నుంచి లేచిపోతుంటే, సినిమా బాగాలేదనే అనుకోకండి. ఒకసారి పక్కన కూర్చుని, వినపడుతోందా అని అడగండి. నేను అడగడానికి రెండేళ్ళు ఆలస్యం చేశాను. మీరు చేయకండి.